జాజవ్వ ఎక్కడి నుంచి మాట్లాడింది

ముందే ఒక మాట. నవ్వుకుంటే నవ్వుకోండి. కానీ మధ్యలో "కలగన్నావేమో" అని మాత్రం అనకండి. ఆ రాత్రి నేను నిద్రపోలేదు. జ్వరం లేదు, మందులేవీ వేసుకోలేదు. ఇంట్లో ట్యూబులైటు వెలుగుతూనే ఉంది. మా అమ్మ మీద ఒట్టు. అమ్మ లేదు కదా, ఒట్టుకేం అనుకోకండి... లేని మనిషి మీద వేసిన ఒట్టంటేనే నాకు ఎక్కువ భయం.

నా పేరు మమత. తాండూరులో ఒక చిన్న ల్యాబులో రక్తం తీసి పరీక్షలు చేసే పని నాది. పుట్టింది మర్పల్లి దగ్గర పల్లెలో. నాకు ఊహ తెలియకముందే అమ్మ పోయింది. కొన్నాళ్లు మేనమామ ఇల్లు, కొన్నాళ్లు చిన్నమ్మ ఇల్లు, ఆ తర్వాత వికారాబాద్‌లో హాస్టల్. ఎవరూ నన్ను కొట్టలేదు, తిట్టలేదు. అన్నం పెట్టారు. కానీ అందరూ పడుకున్నాక ఎక్కడ ఖాళీ మిగిలితే అక్కడ చాప వేసుకునేదాన్ని. బట్టలు ఎప్పుడూ సంచిలోనే. ఇప్పటికీ ఎవరైనా "మీ ఇల్లెక్కడ?" అని అడిగితే "ఉండేది తాండూరు" అంటాను. ఉండేది, అంతే. ఇల్లు అనే మాట నోటికి రాదు.

తాండూరులో నాకు అద్దెకు దొరికింది రైలుకట్టకు దగ్గరలో రెండు గదులు. కింద బండలు, గోడలు బండలే, పైకప్పూ బండలే. వానాకాలం వస్తే ఆ చల్లదనం ఎముకల్లోకి దిగుతుంది. నా గోడకు ఆనుకుని ఇంకో పోర్షన్ ఉంది. దానికి తాళం. ఇంటి ఓనరు శాంతవ్వ సందు చివర ఉంటుంది. సేడం వైపు నుంచి కోడలిగా వచ్చిన మనిషి, ఆమె తెలుగులో కన్నడం కలుస్తుంది.

తాండూరు వచ్చిన కొత్తలో ఒకసారి యాదగిరన్నకు ఫోన్ చేసి ఏడ్చేశాను. యాదగిరన్న అంటే నా చుట్టం కాదు. వికారాబాద్‌లో సెల్‌ఫోన్లు బాగుచేసే షాపు ఆయనది. ట్రాక్టరు బోల్తా పడి నడుము కింద పనిచేయకుండా పోయింది, చక్రాల కుర్చీలోనే ఉంటాడు. నేను వికారాబాద్ ల్యాబులో ఉన్నప్పుడు పరీక్షలకు వచ్చేవాడు. అట్లా పరిచయం.

"గా ఇంట్ల ఒక్కదానివే గోడలు సూస్కుంట కూసుంటె మనసు గట్లనే అయితది చెల్లె. నేనొక జాగ జూపిస్త, రా," అన్నాడు.

ఆ జాగా ఫోన్‌లోది. ఆట అందామంటే గెలవడం, ఓడడం లేదు. ఖాళీ నేల ఉంటుంది. ఇల్లు కట్టుకోవచ్చు, చెట్టు నాటుకోవచ్చు. అక్కడా పొద్దు పొడుస్తుంది, వాన కురుస్తుంది. మనకొక బొమ్మ మనిషి ఉంటుంది. మైకు తెరిచి పెడితే పక్కవాళ్లతో మాట్లాడుకోవచ్చు. బొమ్మ దగ్గరికొస్తే గొంతు పెద్దగా వినిపిస్తుంది, దూరం పోతే సన్నగా... పొలం అవతలి నుంచి ఎవరో పిలిచినట్టు.

మొదటి రోజే అన్న నన్ను ఆ ఊరంతా తిప్పాడు. నడిపించాడు. "ఎగిరిపోవచ్చు గదన్నా, ఇంత దూరం నడుసుడెందుకు?" అన్నాను.

"నడువనీ చెల్లె," అన్నాడు. "నేను నడిచేది గీడనే గద."

నేను మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

ఆయన ఇంటి పక్కనే నేనూ ఇల్లు కట్టాను. ముందర అరుగు వేశాను. బట్టలు ఆరేసే తీగ కట్టాను. అక్కడ బట్టలు తడవవు, ఆరవు. అయినా కట్టాను. మంచం వేశాను. అక్కడ ఎవరూ నిద్రపోరు. అయినా వేశాను. సాయంత్రం పని నుంచి వచ్చి చెప్పులు విడుస్తూనే ఫోన్ తెరిచేదాన్ని. ఆ గుమ్మం కనబడ్డాకే సంచి కింద పెట్టేదాన్ని. ఒకరోజు ల్యాబులో "ఇంటికి పోతున్న" అన్నాను. అన్నాక నాకే తెలిసింది... నేనన్నది ఆ అద్దె గదుల గురించి కాదని.

జాజవ్వ వానలు మొదలయ్యాక వచ్చింది. ఒక సాయంత్రం చూస్తే మా రెండిళ్ల పక్కన మూడో ఇల్లు లేచి ఉంది. చిన్నది. గోడల కింది భాగం, గడప, అరుగు అంచు... అన్నీ ఎర్రగా జాజు పూసినట్టు. మా ఊళ్లలో పండగకు పూస్తారు చూడండి, అట్లా. ఆమె బొమ్మ మీద పేరుండాల్సిన చోట ఏవో అర్థంకాని అక్షరాలున్నాయి. అందుకని యాదగిరన్నే ఆమెకు జాజవ్వ అని పేరు పెట్టాడు. ఆమె నవ్వింది. వయసు మీదపడిన ఆడగొంతు. కొంచెం బొంగురు.

"ఇంత వయసుల గీ ఆట ఎట్ల నేర్సినవ్ అవ్వా?" అని అడిగాను.

"నిన్ను సూసే బిడ్డా," అంది.

ఆటలో నన్ను చూసి అనుకున్నాను. మరింకేం అనుకుంటాను?

ఎక్కువ మాట్లాడేది కాదు. తన అరుగు మీద కూర్చునేది. నేను రాగానే "తిన్నవా బిడ్డా?" అనేది. తినలేదంటే తిని వచ్చేదాకా పలికేది కాదు. ఒకసారి ల్యాబులో ఒక పసిపిల్లకు నరం దొరక్క సూది మళ్లీ మళ్లీ గుచ్చాల్సి వచ్చింది. ఆ రోజు నేను ఏమీ చెప్పకుండా నా అరుగు మీద కూర్చున్నాను. జాజవ్వ లేచి వచ్చి పక్కన కూర్చుంది. మైకులో ఆమె ఊపిరి వినిపిస్తోంది. అంతే. చాలాసేపటికి, "అయిపోయింది గదా బిడ్డా. ఇంటికొచ్చినవ్ గదా," అంది. నేను దుప్పటి నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చాను. జాజవ్వ కంటే ముందు నన్ను ఎవరైనా బిడ్డా అని పిలిచి ఎన్నేళ్లయిందో.

ఆమె మైకులో అప్పుడప్పుడు రైలు కూత వినిపించేది. "మీది గూడ తాండూరేనా అవ్వా?" అంటే "గీ పక్కనే" అనేది. యాలాల్ కావచ్చు, బషీరాబాద్ కావచ్చు అనుకునేదాన్ని. నేను వివరం అడగలేదు. అడిగితే పోతుందేమోనని... అదో భయం.

ఇక ఆ రాత్రి.

వాన పడుతోంది. పెద్ద వాన కాదు, సన్నగా, ఆగకుండా. అన్నం తిని, గిన్నెలు కడిగి బోర్లించి, మంచం మీద గోడకు ఆనుకుని కూర్చున్నాను. చెవుల్లో ఇయర్‌ఫోన్లు. ఆటలో ముగ్గురం జాజవ్వ అరుగు మీద ఉన్నాం. యాదగిరన్న ఏదో పాత ఫోన్ సంగతి చెబుతున్నాడు.

గూడ్సుబండి వచ్చింది. కూత వేసింది. బయట... కూ... అని. వెంటనే చెవిలో ఇంకోసారి. కూ...

అదేం వింత కాదు. పక్కనే ఉంటుందని ఆమే చెప్పింది కదా.

తర్వాత బాత్రూములో కుళాయి కింద బకెట్ గుర్తొచ్చింది. కుళాయి సరిగా మూసుకోదు, చుక్క పడుతూ ఉంటుంది. టప్... టప్... ఇనుప బకెట్‌లో నీళ్లు లేకపోతే ఆ చప్పుడు గట్టిగా ఉంటుంది. నేను వింటున్నాను. టప్. ఒక క్షణం ఆగి, చెవిలో... టప్.

ఒక ఇయర్‌ఫోన్ తీశాను. బయట టప్. రెండోది చెవిలో ఉంది. అందులో టప్.

లేచి వెళ్లి బకెట్ పక్కకు జరిపాను. చుక్క బండ మీద పడింది. చప్పుడు మారింది. తప్... తప్... అని మెత్తగా.

చెవిలో కూడా మారింది.

నా మైకు చప్పుడే తిరిగి వస్తోందేమో అని సర్దిచెప్పుకున్నాను. ఫోన్లన్నాక అవుతుంది కదా. తిరిగి వస్తూ వంటగట్టు దగ్గర చేయి తగిలి కుక్కర్ మూత కింద పడింది. బండల మీద గిర్రున తిరిగి... తిరిగి... ఆగింది.

అప్పుడు యాదగిరన్న మాట ఆపేశాడు. "చెల్లె, నీ ఇంట్ల ఏమన్న పడ్డదా?"

"మూతన్నా. కుక్కర్ మూత."

"రెండుసార్లు పడ్డదా?"

"లేదు. ఒక్కసారే."

ఫోన్‌లో అక్షరాలు వచ్చాయి. జాజవ్వకు కనబడకుండా నాకొక్కదానికే రాశాడు. "నీ మైకు బంద్ జెయ్. పూర్తిగ బంద్ జేసి ఏదన్న సప్పుడు జెయ్. జర."

మైకు ఆపేశాను. ఆగిందా లేదా అని మళ్లీ చూశాను. గుర్తు మీద ఎర్రగీత పడింది. ఆగింది. గట్టు మీది స్టీలు గ్లాసు తీసుకుని గరిటెతో కొట్టాను. టంగ్... టంగ్... కొంచెం ఆగి మళ్లీ... టంగ్.

నా చెవిలోనూ మోగింది. కానీ నా మాట వదిలేయండి. యాదగిరన్న రాసిన మాట చెబుతాను. అది ఇంకా నా ఫోన్‌లో ఉంది.

"విన్న చెల్లె. గ్లాసు సప్పుడు. అవ్వ మైకుల నుంచి వచ్చింది."

నా కాళ్ల కింద బండ... చల్లగా, తడిగా. ట్యూబులైటు సన్నగా గీ అంటోంది. ఆ గీ కూడా చెవిలో రెండింతలుగా ఉంది. ఎప్పటి నుంచి ఉందో! ఇన్ని రోజులూ నేను పట్టించుకోలేదేమో!

మైకు తెరిచాను.

"అవ్వా... ఏడున్నవ్?"

"ఇంట్లనే ఉన్న బిడ్డా." ఎప్పటిలాగే. మెల్లగా.

"ఎవరింట్ల?"

చుక్క పడింది. తప్. చెవిలో తప్.

"అవ్వా, ఎవరింట్ల ఉన్నవ్?"

"మనింట్ల," అంది.

మళ్లీ మైకు ఆపేశాను. ఇయర్‌ఫోన్లు చెవుల్లోంచి తీసేశాను, మెడలో వేలాడుతున్నాయి. మంచం కింద చూశాను. సంచి ఉంది, చెప్పులున్నాయి. బాత్రూము చూశాను. వంటగట్టు కింద చూశాను. రెండు గదుల్లో ఎంత వెతుకుతాను? ఎవరూ లేరు. వీధి తలుపుకు లోపలి గడియ నేను వేసింది వేసినట్టే ఉంది.

ఇక మిగిలింది గోడ. తాళం వేసిన పోర్షన్ వైపు గోడ.

దాని దగ్గరికి వెళ్లాను. ఎందుకు వెళ్లానని అడగకండి. పరుగెత్తాల్సింది. కానీ వెళ్లాను. తల ఒంచి, చెవి ఆ బండకు ఆనించాను. మంచులా ఉంది. ఊపిరి బిగబట్టాను. అవతల... ఏమీ లేదు. వాన చప్పుడు కూడా లేదు.

తల కొంచెం కదిపాను. జుట్టు బండకు రాసుకుంది.

మెడలో వేలాడుతున్న ఇయర్‌ఫోన్‌లోంచి సన్నగా వినిపించింది... సర్... సర్... జుట్టు బండకు రాసుకుంటున్న చప్పుడు.

నేను కదల్లేదు. అది ఆగింది.

మళ్లీ కొంచెం కదిపాను. సర్...

అప్పుడు జాజవ్వ గొంతు. ఇయర్‌ఫోన్లు మెడలోనే ఉన్నా ప్రతి మాటా తెలిసింది.

"బండ సల్లగుంటది బిడ్డా. చెవి తియ్యి."

గడియ ఎట్లా తీశానో తెలియదు. వానలో, చెప్పులు లేకుండా, సందు పొడుగునా పరుగెత్తాను. తలుపు బార్లా వదిలేశాను. శాంతవ్వ తలుపు బాదాను. ఆమె తీసి, నా మొహం చూసి లోపలికి లాగింది. తువ్వాలు ఇచ్చింది. నేను గోడ అవతల మనిషుందని చెబితే తల అడ్డంగా ఊపింది.

"అల్లి యారూ ఇల్లమ్మా. తాళం చెవి నా దగ్గరనే ఉంది." అక్కడ ఎవరూ లేరంటోంది; వాళ్ల మాటలో ఇల్ల అంటే లేరని. ఆమె అదే మళ్లీ మళ్లీ అంటోంది. ఇల్లమ్మా... ఇల్ల... నాకు మాత్రం ప్రతిసారీ ఇల్లు, ఇల్లు అనే వినిపిస్తోంది.

నా చేతిలో ఫోన్ ఉంది. యాదగిరన్న చేస్తూనే ఉన్నాడు. ఎత్తాను. ఆయన రొప్పుతున్నాడు.

"ఏడున్నవ్ చెల్లె? మంచిగున్నవా?"

"శాంతవ్వ ఇంట్ల ఉన్న."

"ఆడనే ఉండు. పోకు."

"ఏమైందన్నా?"

నేను ఒట్టు పెట్టాక చెప్పాడు. నేను పరుగెత్తాక ఆట ఇంకా నడుస్తూనే ఉంది, ఆయన వింటూనే ఉన్నాడు. ముందు అవ్వ మైకులో తలుపు తెరుచుకున్న చప్పుడు. తర్వాత వాన చప్పుడు పెద్దగా. ఆ తర్వాత జాజవ్వ ఆయనతో మాట్లాడింది.

"పిల్ల వానల తడుస్తున్నది కొడుకా. వాపస్ రమ్మను," అందట. మళ్లీ, "నేనేమన్న అన్ననా? సల్లగుంటదనే గద అన్న," అందట. ఆ తర్వాత ఏడుపు. నోరు మూసుకుని ఏడ్చే ఏడుపు. ఆయన అంతకంటే వినలేక ఆట ఆపేసి నాకు ఫోన్ చేశాడు.

తెల్లారాక శాంతవ్వ, నేను, ఎదురింటి పెద్దాయన కలిసి వెళ్లాం. నా తలుపు... నేను బార్లా వదిలిన తలుపు... దగ్గరగా వేసి ఉంది. గాలికి పడి ఉంటుందన్నాడు పెద్దాయన. కావచ్చు. పక్క పోర్షన్ తాళం తుప్పుపట్టి ఉంది. తాళం చెవి తిరగలేదు. కొబ్బరినూనె పోస్తే చాలాసేపటికి తిరిగింది.

లోపల ఏమీ లేదు. కిటికీకి లోపలి నుంచి గొళ్లెం. కరెంటు తీగ ఎప్పుడో పీకేశారు. నేలంతా దుమ్ము, మీద అడుగు పెడితే ముద్ర పడేంత దుమ్ము. మా కాళ్ల ముద్రలు తప్ప వేరే ముద్రల్లేవు. కానీ నా గోడ దగ్గర, సరిగ్గా నా మంచం ఉండే చోటికి అవతల, ఒక చాప పట్టేంత మేర... దుమ్ము లేదు. బండ నున్నగా ఉంది.

"పిల్లి పండుకుంటది," అంది శాంతవ్వ.

పిల్లి ఎట్లా వస్తుందని నేను అడగలేదు. ఆమె కూడా పైకీ కిందికీ చూసి తలుపు వేసింది.

ఆ వారమే ఇల్లు ఖాళీ చేశాను. ఇప్పుడు వికారాబాద్‌లో గది తీసుకుని రోజూ రైల్లో తాండూరు వెళ్లి వస్తున్నాను.

మీకు వచ్చిన అనుమానాలన్నీ నాకూ వచ్చాయి. నా చెవులు మోసం చేశాయనుకుందాం. అప్పుడు సాక్ష్యం యాదగిరన్న ఒక్కడే. ఆయనే ఎవరితోనో గొంతు మార్పించి నన్ను ఆటపట్టించాడా అని కూడా అనుకున్నాను. అనుకున్నందుకు సిగ్గుపడి, అయినా ఉండబట్టలేక ఒకరోజు షాపుకు వెళ్లి అడిగేశాను. ఆయనకు కోపం రాలేదు. తన ఫోన్ నా చేతికిచ్చాడు. అందులో ఆ ఆట లేదు. తీసేశాడు.

"నాకు గది ఆట గాదు చెల్లె, నీకెరుకే గద," అన్నాడు. "గీడ నడిచేటోణ్ణి. గిప్పుడు కండ్లు మూస్తె గా ఏడుపే వస్తున్నది. కాళ్లు ముందటికి పోతలేవు."

అబద్ధమాడే మనిషైతే అంత పోగొట్టుకుంటాడా? నాకైతే అనిపించదు. ఎవరైనా మా ఫోన్లలో దూరి ఆడించి ఉండొచ్చని ల్యాబులో ఒకరన్నారు. కావచ్చు. మరి జుట్టు చప్పుడు? నేను చెవి ఆనించానని ఎట్లా తెలిసింది?

ఇంకొకటి ఉంది. దీన్ని నవ్వకుండా వినండి. నేను ఆటను తీసేయలేదు. నాకు చేతకాలేదు. నా అరుగు, నా తీగ, నా మంచం అక్కడే ఉన్నాయి. మొదట కొన్నాళ్లు వెళ్లలేదు. తర్వాత వెళ్లాను. చప్పుడు మొత్తం ఆపేసి, మైకు ఆపేసి వెళ్తాను. కాసేపు కూర్చుని వచ్చేస్తాను. యాదగిరన్న ఇల్లు అలాగే ఉంది, మనిషి లేడు. ఎర్ర అంచు ఇల్లు అలాగే ఉంది. అదీ ఖాళీయే.

మొన్నటి దాకా.

మొన్న వెళ్లేసరికి ఆమె నా అరుగు మీద కూర్చుని ఉంది. నన్ను చూసి లేవలేదు. బొమ్మ మాట్లాడుతుంటే తల మీద ఒక చిన్న చుక్క మెరుస్తుంది. ఆ చుక్క మెరుస్తోంది. ఆగుతోంది. కొంచెంసేపు నా జవాబు కోసం చూసినట్టు ఆగి, మళ్లీ మెరుస్తోంది. తిన్నావా అంటోందో... ఎందుకు పోయావంటోందో...

నా వేలు చప్పుడు తెరిచే గుర్తు మీదే ఉంది. వినాలని ఎంత ఉందో చెప్పలేను. కానీ నా కొత్త గదిలో పాత సీలింగు ఫ్యాను ఒకటుంది, తిరిగినప్పుడల్లా కిర్... కిర్... అంటుంది. తెరిస్తే, ఆమె మాట కంటే ముందు ఆ కిర్ ఆమె మైకులోంచి వినిపిస్తుందేమో.

ఇప్పటికీ తెరవలేదు.